ఆ ఖర్చుల నోటుబుక్కు నా గురించే

సంపాదకులు గారికి,

కుటుంబ నియంత్రణ ఆపరేషన్ ఫెయిలై బిడ్డ పుడితే పెంపకం ఖర్చు ఇప్పించమని కోర్టుకెక్కడం గురించి మీ పత్రికలో ఒక పాఠకుడి ఉత్తరం చదివాను. రేపు ఆ బిడ్డ పెద్దయ్యాక కేసు కాగితాలు చూస్తే మనసు ఎంత నొచ్చుకుంటుందోనని ఆయన బాధపడ్డారు. నేను అలా పుట్టినదాన్నే. కాగితాలు కూడా చూశాను.

మా అమ్మకు నేను నాలుగో సంతానం. ఆపరేషన్ అయిన మరుసటి ఏడాది నెలసరి ఆగితే, రక్తం తక్కువగా ఉందని మాత్రలిచ్చి పంపారట. అసలు సంగతి తెలిసేసరికి ఐదో నెల. తర్వాత కేసు వేశారు. లెక్కలు కావాలని లాయరు అడిగితే అమ్మ ఒక నోటుబుక్కు పెట్టి, తనకు చదువు రాదు కాబట్టి తెలిసినవాళ్లచేత రాయించింది. పలక, బూట్లు, స్కూలు ఫీజు, ఏడో ఏట నాకొచ్చిన కళ్లజోడు, అన్నీ తేదీలతో సహా ఉన్నాయి. ఒకచోట 'పుట్టినరోజు గౌను' అని రాయించి కొట్టేయించింది. ఎందుకమ్మా అంటే, "అది మనం ముచ్చటపడి కొన్నాం, వాళ్లనెలా అడుగుతాం?" అంది.

ఆ కొట్టివేత చూశాక నాకు నొచ్చుకోవడానికి ఏమీ మిగల్లేదు. అమ్మ అడిగింది కళ్లజోడు డబ్బులు, నన్ను వెనక్కి తీసుకోమని కాదు.

కోర్టులు మాత్రం ఈ తేడా దగ్గరే తడబడ్డాయి. వేసెక్టమీ (మగవాళ్లకు చేసే కుటుంబ నియంత్రణ ఆపరేషన్) ఫెయిలై ఐదో బిడ్డ పుట్టిన కేసులో, 1999లో అప్పటి బ్రిటన్ అత్యున్నత న్యాయస్థానం హౌస్ ఆఫ్ లార్డ్స్ తల్లి పడ్డ బాధకు పరిహారం ఇవ్వొచ్చంది, పెంపకం ఖర్చు మాత్రం కుదరదంది. 2003లో ఆస్ట్రేలియా హైకోర్టు (అక్కడ అదే అత్యున్నత కోర్టు) 4-3 తేడాతో ఆ ఖర్చు కూడా ఇవ్వాలంది. ఆ వెంటనే అక్కడి కొన్ని రాష్ట్రాలు చట్టం చేసి ఆ దారి మూసేశాయి. మన సుప్రీంకోర్టు 2000లోనే హర్యానాకు చెందిన ఒక కూలి మహిళకు పెంపకం ఖర్చు కింద 54 వేల రూపాయలు, దానిపై వడ్డీ ఇవ్వాల్సిందేనంది. ఆమెకు అప్పటికే ఏడుగురు పిల్లలు. డాక్టరు రెండు అండనాళాల్లో (ట్యూబుల్లో) ఒకదానికే ఆపరేషన్ చేసి రెండోది వదిలేశారు.

2005లో అదే కోర్టు, ఆపరేషన్ ఫెయిలైనంత మాత్రాన సరిపోదు, డాక్టరు నిర్లక్ష్యాన్ని రుజువు చేయాలంది. అంతవరకు న్యాయమే, ఎంత బాగా చేసినా కొన్ని ఫెయిలవుతాయి. కానీ అదే తీర్పులో, గర్భమని తెలిశాక కూడా తీయించుకోకపోతే ఇక ఆ బిడ్డ అవాంఛితం కాదన్న మాట నాకు మింగుడు పడదు. ఐదో నెలలో తెలిసిన మనిషి ఏం చేస్తుంది?

మా కేసు ఓడిపోయాం. ఆపరేషన్ ఫెయిలయ్యే అవకాశం ఉందని సమ్మతి పత్రంలో ఒక లైను, దాని కింద అమ్మ వేలిముద్ర. ఆ లైను ఆమెకు ఎవరూ చదివి వినిపించలేదు. ఉత్తరం రాసిన పెద్దమనిషి నా మనసు గురించి కాక ఆ లైను గురించి బాధపడి ఉంటే బాగుండేది.

ఇట్లు,
ఒక పాఠకురాలు
(పేరు ప్రచురించవద్దని మనవి)