2024-25 వార్షిక నివేదిక: ఆడపిల్లల చదువు, మనసు, మన అధ్యయన సంఘం పని

గౌరవ అధ్యక్షురాలు గారికి, కార్యవర్గానికి, ఇంత ఎండలోనూ సర్వసభ్య సమావేశానికి వచ్చిన మీ అందరికీ నమస్కారాలు. నియమావళి ప్రకారం ఈ ఏడాది చేసిన పనులను మీ ముందు పెడుతున్నాను. మన ఆశయాలు మీకు తెలిసినవే కాబట్టి వాటిని మళ్లీ రాయడం లేదు. ఈసారి ఒక్క ప్రశ్ననే పట్టుకుని కూర్చున్నాం. ఆరో తరగతిలో బెంచీ మీద నిలబడి మరీ చెయ్యెత్తే ఆడపిల్ల తొమ్మిదికి వచ్చేసరికి ఎందుకు తల దించుకుని కూర్చుంటోంది? మనలో సగం మంది టీచర్లమే, ఈ మార్పు రోజూ కళ్లారా చూస్తున్నాం. "వయసు అలాంటిది" అనే మాటతో స్టాఫ్‌రూముల్లో సరిపెడతారు. మనకది సరిపోలేదు. ఈ విషయం మీద నలభై ఏళ్లుగా స్త్రీవాద పరిశోధకులు చేసిన పని చదవాలని గత సమావేశంలో తీర్మానించాం. చదివాం కూడా.

రెండో శనివారాల చదువు ఏడాదంతా సాగింది. మొదటి రెండు నెలలూ అమెరికా మనస్తత్వవేత్త కరోల్ గిల్లిగన్‌కే పోయాయి. మంచిచెడుల ఆలోచన మనిషిలో మెట్టు మెట్టుగా ఎదుగుతుందని చెప్పిన మనస్తత్వవేత్త కోల్‌బర్గ్. డీఎస్సీకి చదివిన ప్రతి టీచరుకూ ఆయన నైతిక వికాస దశలు ఆరూ కంఠతా వచ్చు. కానీ ఆ దశలు ఎవరిని చూసి కట్టారో అని మనలో చాలామందికి అనుమానమే రాలేదు. ఆయన ఇరవై ఏళ్లకు పైగా గమనిస్తూ వచ్చిన 84 మందీ మగపిల్లలే. ఆ కొలబద్దతో చూస్తే ఆడవాళ్లు ఎక్కువగా మూడో దశ దగ్గరే, అంటే నలుగురి మెప్పు కోసం మంచిగా ఉండటం దగ్గరే, ఆగిపోయినట్టు కనిపించారు. ముందు ఆ కొలబద్దనే అనుమానించాలని, హార్వర్డ్‌లో ఆయనతో కలిసి పనిచేసిన గిల్లిగన్ 1982లో వాదించారు.

ఆమె చెప్పిన ఇద్దరు పిల్లల సంగతి చదివిన రోజు ఎవరూ టైముకి ఇంటికి కదల్లేదు. కోల్‌బర్గ్ తన పరీక్షలో అడిగే కథ ఇది: హైన్జ్ అనే ఆయన భార్య చావుబతుకుల్లో ఉంది. మందు ఒక్క షాపులోనే దొరుకుతుంది, అడిగినంత డబ్బు ఆయన దగ్గర లేదు. దొంగతనం చేయొచ్చా? పదకొండేళ్ల జేక్ లెక్క తేల్చినట్టు చెప్పాడు: డబ్బు కంటే ప్రాణం ఎక్కువ, చేయొచ్చు. అదే వయసున్న ఎమీ, "జైలుకెళితే ఆవిడ జబ్బు ఇంకా ముదరొచ్చు, వాళ్లు కూర్చుని మాట్లాడుకుని డబ్బుకి వేరే దారి చూడాలి" అనే అర్థం వచ్చేలా చెప్పింది. కోల్‌బర్గ్ లెక్కలో ఎమీ ఒక దశ కిందికి పోయింది.

ఆ తర్వాత గిల్లిగన్, మరో పరిశోధకురాలు లిన్ మైకెల్ బ్రౌన్ కలిసి 1992లో ప్రచురించిన అధ్యయనం తీసుకున్నాం. అమెరికాలో క్లీవ్‌లాండ్‌లోని లారెల్ స్కూల్లో ఏడేళ్ల నుంచి పద్దెనిమిదేళ్ల వరకు దాదాపు వంద మంది ఆడపిల్లలతో ఏటేటా మాట్లాడి రాసింది అది. చిన్నప్పుడు నచ్చనిది నచ్చలేదని మొహం మీదే చెప్పిన పిల్లలే పెద్దవుతున్న కొద్దీ "ఏమో, తెలీదు" అనడం పెరిగిందట. స్నేహాలు పోతాయేమోనన్న భయంతో తెలిసినదాన్నే తెలియనట్టు ఉండటం నేర్చుకున్నారు.

ఇక్కడే మన సభ్యురాలైన అంగన్‌వాడీ టీచరు గారు లేచి అడ్డుపడ్డారు. ఆ మాటలు మినిట్స్‌లో ఉన్నాయి, ఇక్కడా ఉండాలని రాస్తున్నాను. "అది కలిగినవాళ్ల పిల్లల ప్రైవేటు స్కూలు. మా వాడ పిల్లలు మంచి పిల్ల అనిపించుకోవడానికి ఊరుకోవట్లేదండీ. నోరు తెరిస్తే మీవాళ్లకు నోరెక్కువ అంటారని ఊరుకుంటున్నారు." గిల్లిగన్ మీద పరిశోధకులు చేసిన విమర్శ కూడా ఇదే. ఆమె మొదట చూసిన పిల్లల్లో తెల్లవాళ్లు, కాస్త ఉన్నవాళ్లే ఎక్కువ. తర్వాత బ్రౌన్ అమెరికాలోని మెయిన్ రాష్ట్రంలో కూలి కుటుంబాల ఆడపిల్లల కోపం గురించి 1998లో రాశారు. ఆ పిల్లలు కోపాన్ని దాచుకోకుండా పైకి అనేస్తారు, టీచర్లు దాన్ని పొగరు కింద లెక్కగడతారు. ఈ చర్చ లేకుండా మిగతాది చదివి ఉంటే మన చదువు సగమే అయ్యేదని నా గట్టి అభిప్రాయం.

సెప్టెంబరులో మన దేశపు మానవశాస్త్రవేత్త లీలా దూబే 1988 వ్యాసం చదివాం. పుట్టిల్లు తనకు శాశ్వతం కాదని ఆడపిల్లకు ఎవరూ పాఠం చెప్పక్కర్లేదు. నోములు, పండగలు, వడ్డన, కూర్చునే తీరు, నడిచే తీరు, ఇవన్నీ ఆ పాఠమే చెబుతాయని ఆవిడ చూపించారు. అట్లతద్ది దగ్గర చర్చ వేడెక్కింది. తెల్లారగట్ల ఉయ్యాలలు, గోరింటాకు, ఆటలు పిల్లకు దొరికే సంబరమని కొందరూ, ఆ ఉపవాసం ఎవరి కోసమని ఇంకొందరూ. రెండూ నిజమేనని అధ్యక్షురాలు గారు అన్న మాట దగ్గర ఆగాం. ఆ వ్యాసానికి తెలుగులో రాసుకున్న సారాంశం జిరాక్సు కాపీలు బీరువాలో ఉన్నాయి, కావలసినవారు తీసుకోవచ్చు.

ఇక ఈ ఏడాది మనం గర్వంగా చెప్పుకోవలసింది అక్టోబరు సదస్సు. అంతర్జాతీయ బాలికా దినోత్సవం 11న దసరా సెలవుల్లో పడటంతో నాలుగో శనివారం, 26న పెట్టుకున్నాం. మూడు హైస్కూళ్ల పిల్లలు వచ్చారు. ఉపన్యాసాలు వద్దని ముందే అనుకున్నాం. మొదట దుర్గాబాయి దేశ్‌ముఖ్ కథ చెప్పాం. ఎనిమిదేళ్లకే పెళ్లి చేసిన పిల్ల, 1923లో కాకినాడ కాంగ్రెస్ సభలప్పుడు పద్నాలుగేళ్ల వాలంటీరుగా ఖాదీ ప్రదర్శన గేటు దగ్గర నిలబడి, టికెట్ లేదని నెహ్రూ గారినే ఆపేసింది. అది విని పిల్లలు అడిగిన మొదటి ప్రశ్న: "తర్వాత ఆవిణ్ణి తిట్టారాండీ?" తిట్టలేదు, మెచ్చుకున్నారని చెబితే హాలంతా చప్పట్లు.

తర్వాత హైన్జ్ కథను మన ఊరి మెడికల్ షాపు కథగా మార్చి అడిగాం. ఆరు, ఏడు తరగతుల పిల్లలు ఒకరి మీద ఒకరు పడి చెప్పారు. ఒక పిల్ల, "వాళ్లకి ఆరోగ్యశ్రీ కార్డు లేదా?" అంది. ఇంకో పిల్ల, "షాపాయన భార్యతో మాట్లాడితే ఆవిడ ఒప్పిస్తుంది" అంది. అదే ప్రశ్న తొమ్మిది, పదో తరగతుల వైపు తిప్పితే మాట లేదు. పెన్ను మూత తీసి పెడుతూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అప్పుడు చీటీలు పంచి, పేరు రాయొద్దని చెప్పి, పాత బిస్కెట్ల డబ్బా తిప్పాం. డబ్బా నిండింది.

మందు సంగతి రాసినవాళ్లు తక్కువ, తమ సంగతి రాసినవాళ్లే ఎక్కువ. "నాకు జవాబు వచ్చు, కానీ చెబితే వెనక బెంచీ వాళ్లు కూస్తారు." "క్లాసులో ఎక్కువ మాట్లాడితే సంబంధాలు రావని నానమ్మ అంటుంది." ఒక చీటీ మాత్రం నన్ను ఇప్పటికీ వదల్లేదు: "నా ఓణీల ఫంక్షన్ ఫ్లెక్సీ సెంటర్లో కట్టారు. స్కూలు బస్సు దాని ముందు నుంచే వెళ్తుంది. అప్పటినుంచి నేను క్లాసులో లేచి నిలబడట్లేదు." ఎంతో ముద్దుగా కట్టిన ఫ్లెక్సీ ఆ పిల్లకు ఏం చేసిందో చెప్పడానికి ఇంక ఏ సిద్ధాంతమూ అక్కర్లేకపోయింది. మధ్యాహ్నం తల్లుల సమావేశంలో ఈ చీటీలు చదివాం. ఇద్దరు తల్లులు ఏడ్చారు. ఒకావిడ, "మా అమ్మాయికి ఫ్లెక్సీ వద్దని మా ఆయనకి చెబుతాను" అని మైకులోనే చెప్పేసింది.

ఇంత మంచి కార్యక్రమం కాస్తలో ఆగిపోయేదే, మనం పడిన టెన్షన్ అంతా ఇంతా కాదు. పిల్లల్ని పంపడానికి అనుమతి ఇవ్వాల్సిన కార్యాలయంలో మన అర్జీ వారాల తరబడి బల్ల మీదే ఉంది. వెళ్లినప్పుడల్లా "సార్ మీటింగులో ఉన్నారు" అన్నారు. చివరికి ముందురోజు సాయంత్రం సంతకం అయింది. ఆడపిల్లల కోసం ర్యాలీ అంటే ఫొటోకి వచ్చే అధికారులు, ఆడపిల్లల మాట వినే సభకు మాత్రం ఎవరూ రాలేదు. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే (2019-21) ప్రకారం 20-24 ఏళ్ల మహిళల్లో పద్దెనిమిది నిండకుండా పెళ్లయినవాళ్లు దేశంలో 23.3 శాతం, మన ఆంధ్రప్రదేశ్‌లో 29.3 శాతం. ఈ అంకె వాళ్ల గోడల మీదే ఉండాలి.

సభ్యులకూ ఒక మాట చెప్పక తప్పదు. వాలంటీర్లుగా పేర్లిచ్చినవాళ్లలో సగం మంది ఆ రోజు రాలేదు, ఫోనూ ఎత్తలేదు. రిజిస్ట్రేషన్ బల్ల దగ్గర ఉండాల్సినవాళ్లు లేక అధ్యక్షురాలు గారే కూర్చున్నారు. వాట్సాప్ గ్రూపులో దండం బొమ్మ పెడితే పని జరగదు. కుర్చీలు వేయాలి, పిల్లల్ని బస్సెక్కించాలి.

ఇవి కాక జనవరి 3న సావిత్రీబాయి ఫూలే జయంతి, మార్చి 8 సభ ఎప్పటిలాగే జరిపాం. టీచర్లకు కౌమార మనస్తత్వం మీద ఒక పూట శిక్షణ ఇచ్చాం. గ్రంథాలయం అలమరకు కొత్త పుస్తకాలు చేరాయి.

జమాఖర్చులు కోశాధికారి గారు విడిగా అందిస్తారు. చందాలు, విరాళాలతో ఖర్చులు సరిపోయాయి, అప్పు లేదు. సభ్యత్వ రుసుము పాతదే. బకాయిలున్నవారు ఈ రోజే కట్టాలని మనవి.

కృతజ్ఞతలు చెప్పాల్సినవారు చాలామంది. హాలు అద్దె తగ్గించిన యాజమాన్యానికి, పిల్లల్ని నమ్మి పంపిన ముగ్గురు ప్రధానోపాధ్యాయులకు, తెల్లవారుజామునే లేచి పులిహోర కలిపిన మన వంట బృందానికి, మజ్జిగ డ్రమ్ము పంపిన పాలకేంద్రం వారికి, మైకు సెట్టు ఉచితంగా పెట్టిన తమ్ముడికి, డబ్బులు అడగకుండా రాత్రి పదింటిదాకా జిరాక్సులు తీసిచ్చిన షాపువారికి, ఆలస్యమైనా విసుక్కోని బస్సు డ్రైవర్లకు, చీటీలన్నీ ఓపిగ్గా చదివి వర్గీకరించిన ఇద్దరు డిగ్రీ విద్యార్థినులకు, ఇళ్లలో మన గైర్హాజరీ భరించిన కుటుంబ సభ్యులకు పేరుపేరునా ధన్యవాదాలు.

వచ్చే ఏడాదికి కార్యవర్గం రెండు ప్రతిపాదనలు పెడుతోంది. ఒకటి, ఈ మూడు స్కూళ్లలోనే ఏడో తరగతి పిల్లలతో పదో తరగతి దాకా ఏటా ఒకసారి కూర్చుని మాట్లాడటం. రెండు, పేర్లు, గుర్తులు లేకుండా ఆ చీటీలను చిన్న పుస్తకంగా వేసి తల్లులకు, టీచర్లకు పంచడం. మొదటిదానికి నాలుగేళ్లు మానకుండా వచ్చేవాళ్లే పేర్లివ్వండి. జాబితా ద్వారం దగ్గర బల్ల మీద ఉంది.

ఈ నివేదికను ఆమోదించవలసిందిగా సభను కోరుతున్నాను.

కార్యదర్శి