కర్ర వంతెనకు కప్పు ఎవరి కోసం?

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం అనుబంధంలో అమెరికాలోని కార్నిష్–విండ్సర్ కప్పు వంతెన మీద వచ్చిన వ్యాసం చదివి సంతోషించాను. కర్ర వంతెనల చరిత్రకు తెలుగు పత్రికలో అరపేజీ దొరకడం అరుదు. అయితే ‘బాటసారులు మంచులో తడవకూడదని వంతెనకు కప్పు వేశారు’ అన్న వాక్యం సరికాదు. వంతెనల పనుల్లోనే ఉద్యోగం చేసి విశ్రాంతి తీసుకుంటున్నవాడిని కనుక దీన్ని సవరించకుండా ఉండలేకపోతున్నాను.

కర్ర వంతెన బరువును మోసేవి మనం నడిచే పలకలు కావు, రెండు పక్కలా గోడల్లా నిలబెట్టిన దూలాల కట్టు. దూలం దూలాన్ని కలిసే అతుకులోకి వాన నీరు దిగితే ఒక పట్టాన ఆరదు. కర్ర చివకడం అక్కడే మొదలవుతుంది. కింది పలక పాడైతే మార్చుకోవచ్చు గాని, ఈ కట్టు చెడితే వంతెన పోయినట్టే. కప్పు లేని కర్ర వంతెన పది ఇరవై ఏళ్లు నిలిస్తే గొప్ప. కప్పూ పక్క చెక్కలూ ఉన్నది, మరమ్మతులు చేసుకుంటూ ఉంటే, వందేళ్లు దాటుతుంది. మైలాపూర్‌లో కపాలీశ్వరస్వామి తేరును ఉత్సవం కాగానే రేకుల చాటుకు చేర్చేది తేరు కోసమే గాని చూసేవారి కోసం కాదు కదా!

మంచు మాటకొస్తే, అక్కడ జరిగింది ఇందుకు పూర్తిగా తలకిందులు. చలికాలంలో ఆ దేశంలో చక్రాలు లేని జారుడు బండ్లు తిరిగేవి. కప్పు వల్ల వంతెన లోపల మంచు పడదు కనుక, ఆ బండ్లు దాటడానికి కూలి ఇచ్చి మరీ పారలతో మంచు తెప్పించి లోపల పరిపించేవారు.

అమెరికాలో పేరుపొందిన తొలి కప్పు వంతెన ఫిలడెల్ఫియాలో 1805లో వచ్చింది. కట్టినవాడు తిమోతీ పామర్ అనే వడ్రంగి, కప్పు వేయమని పట్టుబట్టినవాడు ఆ వంతెన కంపెనీ అధ్యక్షుడైన జడ్జి రిచర్డ్ పీటర్స్. 1820లో ఇథియెల్ టౌన్ అనే వాస్తుశిల్పి కర్రలను ఏటవాలుగా, ఒకదానిమీద ఒకటి అడ్డంగా పరిచి, కొయ్య మేకులతో బిగించే జాలీ కట్టుకు పేటెంటు పొందాడు. పెద్ద దూలాలూ, ఆరితేరిన వడ్రంగులూ లేని ఊళ్లలో కూడా వంతెనలు లేచింది ఈ కట్టు వల్లనే.

కార్నిష్–విండ్సర్ వంతెనదీ ఆ జాలీ కుటుంబమే. 1796 నాటి మొదటి వంతెనతో కలిపి అక్కడ మూడు వరదపాలు కాగా, 1866లో జేమ్స్ టాస్కర్, బేలా ఫ్లెచర్ నాలుగోది కట్టారు. దగ్గరి మైదానంలో ముందుగా దూలాలు కోసి, కూర్చి చూసుకుని, తరువాత నది మీదికి తెచ్చి నిలబెట్టారు. పొడవు 449 అడుగులు. నది మధ్య ఆసరా ఒకే ఒక్క స్తంభం. 1943 దాకా సుంకం వసూలు చేశారు. ‘గుర్రాలను నడిపించండి, లేదా రెండు డాలర్ల జరిమానా’ అన్న బోర్డును మీరు వింతగా పేర్కొన్నారు గాని, గుర్రాల దౌడు అదురు అతుకుల మీద పడుతుంది కనుక ఆ జరిమానాలో నాకు వింతేమీ కనిపించలేదు.

మా అబ్బాయి దగ్గరికి వెళ్లినప్పుడు ఆ వంతెన చూశాను. ముఖద్వారం వద్ద జల్లు కొట్టే చోట చెక్క నల్లబడి, గోకితే పొడి రాలేలా ఉంది. పది అడుగులు లోపలికి వెళ్లి చేయి పెడితే అదే దూలం గట్టిగా, పొడిగా తగిలింది.

మరో చిన్న సవరణ. మీ వ్యాసం అన్నట్టు కార్నిష్–విండ్సర్ వంతెన ప్రపంచంలోని కప్పు వంతెనల్లో అతి పాతది కాదు. స్విట్జర్లాండ్‌లోని లూసెర్న్ కప్పు వంతెన 14వ శతాబ్దంనాటిది. 1993 ఆగస్టులో మంటల్లో చాలాభాగం కాలిపోతే, మరుసటి ఏడాదికే తిరిగి కట్టుకున్నారు.

సవరణ వేసేటప్పుడు వీలైతే వంతెన లోపలి ఫొటో కూడా ప్రచురించగలరు. మీరు వేసిన ఫొటోలో కప్పూ, పక్క చెక్కలూ తప్ప ఆ జాలీ కట్టు ఎక్కడా కనబడలేదు.

భవదీయుడు,
విశ్రాంత ఇంజనీరు,
మైలాపూర్, చెన్నై