పేద తల్లులు పరుగెత్తరు

సంపాదకులకు,

ఫిల్మ్ క్లబ్బుల్లో, కాలేజీల్లో మూకీ చిత్రాలు వేసేవారికి ఒక మనవి. పేద తల్లి కథకు హాలంతా నవ్విందంటే తప్పు చూసేవాళ్లది కాదు, ఆడించిన వేగానిది.

అమెరికన్ దర్శకుడు డి.డబ్ల్యు. గ్రిఫిత్ 1909లో బయోగ్రాఫ్ కంపెనీకి తీసిన మూకీ 'ఎ కార్నర్ ఇన్ వీట్' చూడండి. గోధుమలన్నీ ఒక్కడే గుత్తకు పట్టేస్తాడు. 5 సెంట్ల రొట్టె 10 సెంట్లవుతుంది. పిల్లను వెంటబెట్టుకొచ్చిన ఆడమనిషి డబ్బు చాలక ఉత్త చేతులతో వెనుదిరుగుతుంది. ఆ తిరగడంలోనే ఉంది కథంతా. రీలు సుమారు 950 అడుగులు, అడుగుకు 16 ఫ్రేములు, అంటే విడివిడి బొమ్మలు. సెకనుకు 16 చొప్పున ఆడిస్తే దాదాపు 16 నిమిషాలు, ఇప్పటి సినిమాల్లా 24 చొప్పున ఆడిస్తే పదిన్నరే. అప్పుడు ఆమె గబగబా వచ్చి గబగబా పోతుంది, జనం నవ్వుతారు.

అప్పట్లో కెమెరా చేత్తో తిప్పేవారు: చుట్టుకు 8 ఫ్రేములు, సెకనుకు రెండు చుట్లు. చెయ్యి కదా, 16 వేదవాక్కేమీ కాదు. ఒక్కోచోట 18 నప్పుతుంది. కంప్యూటర్లో వీడియోలు ఆడించే వీఎల్‌సీ ప్లేయర్‌లో వేగం 0.67 పెడితే 24 కాస్తా 16 అవుతుంది. అయితే కొన్ని కాపీల వేగం ముందే సరిచేసి ఉంటుంది. కీబోర్డులో ఇంగ్లిష్ 'E' మీట నొక్కుతూ ఫ్రేము ఫ్రేముగా జరపండి. ప్రతి మూడింటిలో ఒకటి ముందుదానికి నకలైతే ఆ కాపీ వేగాన్ని ముట్టుకోవద్దు. మళ్లీ తగ్గిస్తే మనుషులు మోకాలిలోతు నీళ్లలో నడిచినట్టుంటారు.

ఇంకో చిక్కు. ధనికుల విందు మధ్యలో, రొట్టె కోసం వరసలో నిలబడ్డవాళ్లు ఒక షాట్‌లో బొమ్మల్లా బిగుసుకుపోతారు. వీడియో ఆగిపోయిందనుకుని ఆపరేటరు ముందుకు జరిపేస్తే ఆ చిత్రంలోకెల్లా గొప్ప షాట్ పోయినట్టే. నటులు నిజంగానే కదలకుండా నిలబడ్డారక్కడ.

టైటిల్ కార్డులు, అంటే మధ్యమధ్య తెరమీద వచ్చే రాతలు, తెలుగులో రాసి, నిదానంగా రెండుసార్లు చదివేంతసేపు ఉంచండి. కుదరకపోతే ఒకరు మైకులో చదవాలి; మూకీల రోజుల్లో మన డేరా సినిమాల్లోనూ ఒకరు పైకి చదివి వినిపించేవారు. హుషారు పియానో వద్దు, ఏడుపు వయొలినూ వద్దు. వాటికంటే నిశ్శబ్దం నయం.

వేగం కుదిరిందో లేదో తేల్చడానికి చివరి షాట్ చాలు. రైతు ఒక్కడే దున్నిన చేలో విత్తనం వెదజల్లుతూ నడుస్తాడు. ప్రదర్శనకు ముందురోజు ఆ షాట్ వేసి, పల్లె నుంచి వచ్చిన విద్యార్థి ఎవరినైనా అడగండి, ఇట్టే చెప్పేస్తారు.

— ఒక పాఠకుడు, విజయవాడ