లాస్ ఏంజిలిస్‌లో ఉన్న చిన్నికి

చిరంజీవి చిన్నికి నాన్న ఆశీస్సులు.

ఇక్కడ అందరం క్షేమం. అమ్మ మోకాళ్ళకి కొత్త డాక్టరు ఇచ్చిన మందు పనిచేస్తున్నట్టే ఉంది. మేడ మెట్లు మాత్రం ఎక్కనివ్వడం లేదు నేను. నీ దగ్గర్నుంచి ఫోన్ వచ్చి చాలా రోజులైంది. మెసేజ్ పెడితే ఒక బొమ్మ పెట్టి ఊరుకుంటున్నావు. పని ఒత్తిడి ఉండి ఉంటుందిలే అని అమ్మకి సర్దిచెబుతున్నాను.

మొన్న చిన్నత్త వాళ్ళింట్లో వ్రతానికి వెళ్ళాం. రవి డల్లాస్ నుంచి ఫోన్ చేశాడట. నువ్వు ఉద్యోగం మానేశావనో, మానేస్తున్నావనో, టీవీ సీరీస్‌లకి స్క్రిప్టులు రాస్తావనో అన్నాడట. చిన్నత్త సంగతి నీకు తెలుసు కదా, ఒకటి వింటే మూడు చెబుతుంది. నేనేమీ పట్టించుకోలేదు. ఈ ఉత్తరం అందుకోసం కాదు. సంక్రాంతికి వచ్చినప్పుడు నువ్వు రాత్రి పొద్దుపోయేదాకా ఒక రైటరు గురించి చెప్పావు చూడు, రిచర్డ్ మాథెసన్ అని, ఆయన గురించి దొరికిందల్లా చదివాను. అది నీతో చెప్పుకోవాలనిపించింది.

ఆయన 1926లో న్యూజెర్సీలో పుట్టాడు, పెరిగింది బ్రూక్లిన్‌లో. నార్వే నుంచి వలస వచ్చిన కుటుంబం. రెండో ప్రపంచ యుద్ధంలో పనిచేసి వచ్చి, మిస్సోరీ యూనివర్సిటీలో జర్నలిజం చదివి, 1951లో కాలిఫోర్నియా చేరాడు. అప్పటికే కథలు అచ్చయి పేరొచ్చింది. అయినా ఏం చేశాడు? డగ్లస్ విమానాల ఫ్యాక్టరీలో చేరి, విడిభాగాలు కోసే పని చేస్తూ రాసుకున్నాడు. ఈ ముక్క ఇంకోసారి చదువుకో తల్లీ.

తర్వాత మనిషి రోజురోజుకీ కుంచించుకుపోయే నవల రాశాడు, 1956లో వచ్చింది. న్యూయార్క్ దగ్గర లాంగ్ ఐలండ్‌లో అద్దె ఇంటి సెల్లార్‌లో కూర్చుని రాశాడట. హీరో చిక్కుకుపోయేది కూడా సెల్లార్‌లోనే! యూనివర్సల్ సినిమా కంపెనీ వాళ్ళు హక్కులు అడిగితే, స్క్రిప్టు నాచేతే రాయించాలని షరతు పెట్టాడు. ఒప్పుకున్నారు. సినిమాల్లోకి అలా వచ్చాడు. చేతిలో నవల ఉంది కాబట్టి షరతు పెట్టగలిగాడు. చేతిలో ఏమీ లేకుండా వెళ్తే వాళ్ళు చెప్పినదానికల్లా తల ఊపాలి.

ఇక అక్కడి నుంచి ఆయన రాయని రకం లేదు. ‘లామన్’ అనే కౌబాయ్ సీరియల్‌కి రాసి రైటర్స్ గిల్డ్, అంటే అక్కడి రైటర్ల యూనియన్, ఇచ్చే అవార్డు తీసుకున్నాడు. ‘ట్విలైట్ జోన్’ అనే టీవీ సీరియల్‌కి డజనుకు పైగా ఎపిసోడ్లు రాశాడు. విమానం రెక్క మీద ఏదో జంతువు కూర్చుందని ఒక ప్రయాణికుడు అరుస్తుంటే ఎవరూ నమ్మరు చూడు, అది ఆయనదే. రోజర్ కార్మన్ అనే డైరెక్టరుకి ఎడ్గర్ అలన్ పో భయం కథలు సినిమాలుగా రాశాడు. ‘స్టార్ ట్రెక్’కి ఒక ఎపిసోడ్. 1974లో తాగుడుకు బానిసైన వాడి మీద టీవీ సినిమా. 1980లో కాలం దాటి వెనక్కి వెళ్ళి ప్రేమించే కథ, అదీ తన నవల నుంచే. ఒక సినిమాలో తన స్క్రిప్టు మార్చింది నచ్చక పేరు తీసేసి, లోగన్ స్వాన్సన్ అని మారు పేరు వేయించుకున్నాడు. ఆ పని నాకు చాలా నచ్చింది.

అన్నిటికన్నా నాకు పట్టింది ‘డ్యుయెల్’, కారులో పోయే ఒకణ్ణి లారీ వెంటాడే సినిమా. పక్కింటి బుల్లోడి లాప్‌టాప్‌లో చూశాను. దాని వెనక కథ నీకు తెలిసే ఉంటుంది, అయినా చెబుతాను. 1963 నవంబర్ 22న మాథెసన్, జెర్రీ సోల్ అనే ఇంకో రైటరు గోల్ఫ్ ఆడుతుంటే ప్రెసిడెంట్ కెనెడీని కాల్చి చంపారని తెలిసింది. ఆట ఆపేసి ఇంటికి బయల్దేరారు. మనసు మనసులో లేదు ఇద్దరికీ. ఇరుకైన కొండ దారి. వెనకాల ఒక లారీ తగులుకుంది. వీళ్ళు స్పీడు పెంచితే అదీ పెంచుతోంది. చివరికి కారు రోడ్డు దింపేసి మట్టిలో ఆపుకుంటే, లారీ దూసుకుపోయింది. ప్రాణాలు దక్కాయి. ఇంకొకడైతే నాలుగు తిట్టి ఇంటికి పోతాడు. ఈయన సోల్ దగ్గరున్న ఒక ఉత్తరం కవరు తీసుకుని, దాని వెనక ఆ పాయింటు రాసుకున్నాడు. తర్వాత టీవీ సీరియళ్ళ వాళ్ళకి ఎపిసోడ్‌గా చెప్పి చూశాడు. పాయింటు మరీ చిన్నదన్నారు, ఎవరూ తీసుకోలేదు. ఆయన దాన్ని వదల్లేదు. అలాగని దాన్నే పట్టుకుని కూర్చోనూ లేదు, మిగతా పనులు చేసుకుంటూనే ఉన్నాడు. 1971లో కథగా రాస్తే పత్రికలో పడింది. ఈ సినిమా తీసిన డైరెక్టరు స్పీల్‌బర్గ్ దగ్గర సెక్రటరీ అది చదివి ఆయనకిచ్చింది. అప్పటికి స్పీల్‌బర్గ్ 24 ఏళ్ళ కుర్రాడు. స్క్రిప్టు మాథెసనే రాశాడు. ఆ నవంబర్ 13న ఏబీసీ టీవీలో వచ్చింది. కవరు మీద రాసుకున్న ఎనిమిదేళ్ళకి!

బస్సు స్టీరింగ్ పట్టినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను, ఆ సినిమాలో అబద్ధం లేదు. పెట్రోలు బంకు కుర్రాడు బానెట్ ఎత్తి, రేడియేటర్ హోస్ పైపు మార్పించుకోమంటాడు. హీరో ఇప్పుడొద్దంటాడు. తర్వాత ఎత్తు ఎక్కుతుంటే ఆ పైపే పోయి ఇంజన్ హీటెక్కుతుంది, వెనక లారీ వస్తూనే ఉంటుంది. దోర్నాల ఘాట్‌లో నిండు బస్సుతో వెళ్తూ టెంపరేచర్ ముల్లు పైకి పాకడం చూసినవాడికి ఆ సీను ఎలా ఉంటుందో నీకు చెప్పలేను. లారీ వాడు కిటికీలోంచి చెయ్యి ఊపి, పొమ్మని సైగ చేస్తాడు. పోతే ఎదురుగా కారు. సినిమా మొత్తం వాడి ముఖం కనపడదు, చెయ్యి, బూట్లు, అంతే. స్కూలు బస్సు ఆగిపోయిన చోట నేను కుర్చీలోంచి లేచి నిలబడ్డాను.

చెప్పిన మాట వినని ఆ హీరో మీద నాకు జాలి లేదు. ముందే చెప్పాడు కదా ఆ కుర్రాడు. రవి చెప్పిందే నిజమైతే, నీ వీసా సంగతేమిటి? ఉద్యోగం పోయినా, మనమే మానేసినా 60 రోజుల్లో దారి చూసుకోవాలని బుల్లోడు చెప్పాడు. నువ్వు లాయరుతో మాట్లాడావా? గిల్డ్ ఇన్సూరెన్స్ కూడా ఏడాదికి ఇంత సంపాదిస్తేనే ఇస్తారట. 2023లో రైటర్లు 148 రోజులు సమ్మె చేశారు. వాళ్ళ న్యాయం వాళ్ళది, యూనియన్‌లో పనిచేసినవాడిగా నేను తప్పు పట్టను. కానీ అన్నాళ్ళు జీతం లేకుండా ఉండాలంటే బ్యాంకులో డబ్బుండాలి. నీ దగ్గర ఎన్ని నెలలకి ఉంది? రాయొద్దని నేను అనడం లేదు. నాలుగో తరగతిలో నువ్వు రాసిన నాటకం కాగితాలు బీరువాలో ఇప్పటికీ ఉన్నాయి. ఉద్యోగం చేస్తూ తెల్లవారుజామున లేచి రాయి. స్క్రిప్టు అమ్ముడుపోయి, కాగితాలు సరిగ్గా ఉన్నాక మానెయ్, అప్పుడు చిన్నత్తకి నేనే చెబుతాను.

రాసినవి ఏవైనా ఉంటే పంపు. ఇంగ్లీషైనా డిక్షనరీ పెట్టుకుని చదువుతాను. రాత్రి భోజనం మానేసి కాఫీలతో గడపకు, నీకు గ్యాస్ పడదు. అమ్మ కందిపొడి, గోంగూర పచ్చడి పార్సిల్ కట్టించింది. అందగానే గోంగూర గాజు సీసాలోకి మార్చు. కారు సర్వీసింగ్ ఎప్పుడు చేయించావు? కూలెంట్, హోస్ పైపులు చూడమను. టైర్లు కూడా.

ఆదివారం మాకు పొద్దున్న ఏడింటికి చెయ్యి, నీకు శనివారం సాయంత్రం అవుతుంది. వీడియోలో చెయ్యి, అమ్మ నీ ముఖం చూడాలంటోంది. ముందు వీసా సంగతి చెప్పు. కబుర్లు తర్వాత.

ప్రేమతో,
నాన్న