నిర్మాత అంటే చెక్కు మీద సంతకం పెట్టేవాడేనా?

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ ఆదివారం అనుబంధంలో కొత్త నాటకాల మీద వేసిన పెద్ద వ్యాసం చదివాను. రచయిత గురించి రాశారు, దర్శకుడి గురించి రాశారు, లైటింగ్ గురించి కూడా నాలుగు మాటలున్నాయి, సంతోషం. నిర్మాత ఊసు మాత్రం ఒక్కచోటే ఉంది, "డబ్బు పెట్టడానికి ఒకరు ముందుకొచ్చారు" అని. ఆ వాక్యం చూశాకే ఈ ఉత్తరం మొదలుపెట్టాను. పన్నెండేళ్లు నాటకాలు, మధ్యలో రెండు చిన్న సినిమాలు సొంతంగా తీసి, ఇప్పుడు ఆ పని మానేసినవాణ్ణి. కాస్త కోపం కనబడితే మన్నించండి.

ఏ కంపెనీ అండా లేకుండా నిర్మించేవాడి దగ్గర మామూలుగా డబ్బుండదండీ. ఉన్నవాళ్లను ఒప్పించడమే అతని పని. ముందు కథ హక్కులు కొంత గడువుకి రాయించుకుంటాడు, ఆ గడువులోగా ఏదీ కుదరకపోతే హక్కులు రచయితకి వెనక్కి వెళ్లిపోతాయి, ఇచ్చిన అడ్వాన్స్ గోవిందా. పెట్టుబడి పెట్టేవాడు "నటుడెవరు?" అంటాడు, నటుడు "డబ్బు సిద్ధంగా ఉందా?" అంటాడు, దర్శకుడేమో ఇద్దరూ ఖాయమైతేనే డేట్లు ఇస్తానంటాడు. ఎవరో ఒకరు ముందు సరే అనాలి, ఎవరూ అనరు. ఒక్కోసారి ఆ ముడి విప్పడానికే ఏడాది పోతుంది, ఆ ఏడాదికి జీతం ఉండదు.

న్యూయార్క్‌లో జోసెఫ్ పాప్ అనే ఆయన ఉండేవారు. 1954లో నాటక సంస్థ మొదలుపెట్టి, షేక్‌స్పియర్ నాటకాలు జనానికి ఉచితంగా చూపించాలని పట్టుబట్టారు. ఆ తొలి ఏళ్లలో ఆయన ఇల్లు గడిచింది ఒక టీవీ సంస్థలో స్టేజ్ మేనేజర్ ఉద్యోగంతో. 1959లో అక్కడి పార్కుల కమిషనర్ రాబర్ట్ మోజెస్, సెంట్రల్ పార్కులో ఆ నాటకాలకి వచ్చే జనం తొక్కి గడ్డి పాడవుతోంది కాబట్టి టికెట్ పెట్టాల్సిందేనన్నాడు. పాప్ టికెట్ పెట్టలేదు, కోర్టుకెళ్లారు, అప్పీలులో గెలిచారు. 1962లో అదే సెంట్రల్ పార్కులో డెలాకోర్ట్ థియేటర్ తెరుచుకుంది, ఆ ఉచిత ప్రదర్శనల సంప్రదాయం ఆయన పోయాక కూడా ఆగలేదు. ఇందులో దర్శకత్వం ఎంత, నటన ఎంత అని నన్నడిగితే, గడ్డి గురించి కోర్టులో కొట్లాడటం అనే పనికి నిర్మాణం తప్ప వేరే పేరు నాకు తెలియదు. (నేనైతే టికెట్ పెట్టేసి ఇంటికెళ్లేవాణ్ణేమో.)

ఆయన సంస్థలోనే పుట్టిన ఒక సంగీత నాటకం 1975లో బ్రాడ్‌వేకి, అంటే ఆ నగరంలోని పెద్ద వాణిజ్య నాటకశాలలకి వెళ్లి 1990 దాకా ఆడింది, 6,137 ప్రదర్శనలు. లాభాపేక్ష లేని సంస్థ కాబట్టి అక్కడ వచ్చిన డబ్బు ఇక్కడి నష్టాల నాటకాలను ఏళ్ల తరబడి నిలబెట్టింది. మీలాంటి పత్రికలు ఆ 6,137 రాస్తాయి, దాని వెనక ఆడకుండా పోయినవి ఎన్ని ఉంటాయో రాయవు.

అదే నగరంలో ఎలెన్ స్టీవర్ట్ అనే ఆవిడ బట్టలు డిజైన్ చేసి సంపాదిస్తూ 1961లో ఒక నేలమాళిగలో లా మామా థియేటర్ పెట్టింది. ప్రతి ప్రదర్శనకీ ముందు తనే గంట మోగించి ప్రేక్షకులకి స్వాగతం చెప్పేది. నిర్మాత అని ఆ గంట కొట్టే మనిషినే అంటాను నేను.

నాటకానికీ సినిమాకీ తేడా ఉంది, రెండూ చేశాను కాబట్టి చెప్తున్నా. నాటకంలో ఈ రాత్రి ఖాళీగా పోయిన సీటుని రేపు అమ్ముకోలేరు. ఒకసారి మా ముఖ్య పాత్రధారికి ప్రదర్శన రోజు మధ్యాహ్నం గొంతు పోయింది. అతని బదులు చేయడానికి ఎవరూ సిద్ధంగా లేరు, హాలు అద్దె కట్టేశాం, టికెట్లు అమ్మేశాం. డబ్బులు తిరిగిచ్చేశాం, మర్నాడు పేపర్లో "అనివార్య కారణాల వల్ల" అని ఒక్క ముక్క వచ్చింది. ఆ కారణాల బిల్లు నా దగ్గర ఇంకా ఉంది.

సినిమాలో ఆ టెన్షన్ వేరే రకం. బొమ్మ పూర్తయ్యాక అది ఎక్కడికీ పోదు, కానీ డబ్బు వచ్చే వరసలో నిర్మాత చివర్న నిలబడతాడు. ముందు హాలు వాటా, తర్వాత డిస్ట్రిబ్యూటర్ కమిషను, అతని ప్రచార ఖర్చులు, ఆ తర్వాత అప్పిచ్చినవాళ్లు, పెట్టుబడి పెట్టినవాళ్లు, ఇవన్నీ పోయాక ఏమైనా మిగిలితే అప్పుడు. నా రెండో సినిమా చూసినవాళ్లంతా బాగుందన్నారు, నాకు మిగిలింది ఆ మాటే. మూడోది తీసే ధైర్యం అందుకే చాల్లేదు.

అలా తీస్తూనే నలభై ఏళ్లు నిలబడ్డవాళ్లూ ఉన్నారు. బొంబాయిలో పుట్టిన ఇస్మాయిల్ మర్చంట్ 1961లో దర్శకుడు జేమ్స్ ఐవరీతో కలిసి సంస్థ పెట్టి, 2005లో చనిపోయేదాకా చిన్న బడ్జెట్లతో పెద్ద సినిమాల్లా కనబడేవి తీశారు. ఆయన వంట యూనిట్‌లో బాగా ప్రసిద్ధి. జీతాలు తక్కువైనా జనం మళ్లీ మళ్లీ వచ్చారంటే అందులో ఆ వంట వాటా కూడా ఉండే ఉంటుందని నా అనుమానం.

నిర్మాతలంతా మహానుభావులని నేననను. ఇంత డబ్బు ఇస్తే పేరు వేస్తాం అని తెర మీద జాగా అమ్ముకునేవాళ్లు ఉన్నారు. నిజంగా పని చేసిన నిర్మాతని వేరుగా చూపించడానికి అమెరికా నిర్మాతల సంఘం పేరు పక్కన ఒక గుర్తు పెట్టాల్సి వచ్చిందంటే ఆలోచించండి. అయినా ఆస్కార్‌లో ఉత్తమ చిత్రం బహుమతి చేతికి తీసుకునేది నిర్మాతే, మన జాతీయ అవార్డుల్లో ఉత్తమ చిత్రానికి దర్శకుడితో పాటు నిర్మాతకీ ఇస్తారు. వాళ్లకి తెలిసింది మీ వ్యాసకర్తకి తెలియకపోవడమే నా ఫిర్యాదు.

ఆ వ్యాసం రెండో భాగం వచ్చే వారం వేస్తామన్నారు. వీలైతే ఆ ముందుకొచ్చిన "ఒకరు" ఎవరో కనుక్కుని ఒక గంట మాట్లాడమనండి. నంబరు కావాలంటే దర్శకుణ్ణి అడగండి, ఇంకా పారితోషికం బాకీ ఉంటే ఆయనకి ఆ నంబరు నోటికే వచ్చి ఉంటుంది.

ఇట్లు,
మీ పాఠకుడు, ఒక మాజీ నిర్మాత