అభివాహం అంటే ప్రవాహం కాదు

గౌరవనీయులైన సంపాదకులకు,

నమస్కారం. మీ పత్రిక విద్యార్థుల పేజీలో గత వారం వచ్చిన ఇంటర్మీడియట్ భౌతికశాస్త్ర పాఠంలో "అయస్కాంత అభివాహం అంటే అయస్కాంతం నుంచి సెకనుకు ప్రవహించే శక్తి" అని ఒక నిర్వచనం అచ్చయింది. అదే పాఠం చివరికొచ్చేసరికి, బహుశా యంత్రానువాదం చలవ వల్ల, ఆ అభివాహమే లోహాలు అతికేటప్పుడు వాడే "ద్రవకారి"గా మారిపోయింది. మా వీధిలో ఇంటర్ రెండో సంవత్సరం చదువుతున్న అమ్మాయి ఆ కాగితం ముక్క పట్టుకొచ్చి, "మాస్టారూ, అయస్కాంతంలోంచి ఏం ప్రవహిస్తుందండీ?" అని అడిగింది. ముప్పై ఏళ్లకు పైగా ఈ పాఠాన్ని తెలుగు మాధ్యమంలో చెప్పి విశ్రాంతి తీసుకుంటున్న నాకు ఆ ప్రశ్న విన్న తరువాత ఊరుకోబుద్ధి కాలేదు. ఒక్క వాక్యంలో మూడు పొరపాట్లు దొర్లాయి: అక్కడ ప్రవహించేదేమీ లేదు, సెకను ప్రసక్తి లేదు, అది శక్తీ కాదు.

ముందు మాట సంగతి. ఇంగ్లిషువారి ఫ్లక్స్ అనే పదానికి మూలమైన లాటిన్ మాటకు పారడం అని అర్థం. మన పాఠ్యపుస్తకాలు దానికి అభివాహం అనే పదాన్ని తీసుకున్నాయి. ప్రవాహం, వాహనం, ఆవాహన, ఆఖరికి వివాహం కూడా పుట్టిన "వహ్" ధాతువు నుంచే ఇదీ వచ్చింది. అయితే ప్రవాహంలోని "ప్ర" ముందుకు సాగడాన్ని చెబితే, అభివాహంలోని "అభి" ఎదురుగా ఉండడాన్ని చెబుతుంది. అభిముఖం అన్నప్పుడు ఉన్న "అభి" అదే. నా తరగతిలో ఆ ఉపసర్గను పట్టుకొనే పాఠం మొదలుపెట్టేవాణ్ని, ఎందుకంటే ఈ రాశి విలువంతా ఒక తలం దేనికి ఎంత అభిముఖంగా ఉన్నదనే దాని మీద ఆధారపడి ఉంటుంది.

డెల్టాలో పుట్టిన పిల్లలకు దీన్ని చూపించడానికి ప్రయోగశాల అక్కర్లేదు, పంట బోదె చాలు. ఒక అడుగు పొడవు, ఒక అడుగు వెడల్పు ఉన్న వెదురు చట్రాన్ని బోదె నీటిలో పూర్తిగా ముంచి, పారే నీటికి ఎదురుగా నిలబెట్టామనుకుందాం. నీరు సెకనుకు రెండు అడుగుల వేగంతో సాగుతుంటే చట్రం గుండా సెకనుకు రెండు ఘనపుటడుగుల నీరు, అంటే రెండు క్యూసెక్కులు, దాటిపోతుంది. చట్రాన్ని 60 డిగ్రీలు పక్కకు తిప్పితే అది ఒక క్యూసెక్కు అవుతుంది. పూర్తిగా తిప్పి నీటి వాలుకు సమాంతరంగా ఉంచితే సున్నా. బోదెలో నీరు ఆగలేదు, దాని వేగం తగ్గలేదు, చట్రం చిన్నదీ కాలేదు, అయినా అభివాహం పోయింది. కనుక ప్రవాహం నీటికి చెందినది, అభివాహం నీటికీ చట్రానికీ కలిపి చెందినది. ఏ తలం గుండా అన్నది చెప్పకుండా అభివాహం ఇంత అనడం, ఎక్కడి నుంచి ఎక్కడికో చెప్పకుండా దూరం ఇంత అన్నట్టే ఉంటుంది.

పెద్ద కాలువలో నీటి వేగం అంతటా ఒకేలా ఉండదు, నడిమధ్య వడి ఎక్కువ, గట్ల దగ్గర తక్కువ. అందుకే నీటిపారుదల ఇంజనీర్లు కాలువ అడ్డకోతను చిన్న చిన్న ముక్కలుగా విడగొట్టి, ఒక్కో ముక్కలో వేగాన్ని మీటరుతో కొలిచి, దాన్ని ఆ ముక్క వైశాల్యంతో గుణించి, అన్నింటినీ కూడుతారు. గణితశాస్త్రంలో ఉపరితల సమాకలని అని పిల్లలు హడలిపోయేది ఈ కూడికనే. ముక్కలను ఇంకా ఇంకా సన్నగా చేసుకుంటూ పోతే చివరికి వచ్చేది అదే. ఈ సంగతి తరగతిలో చెప్పినప్పుడు, నాన్నగారు లాకుల దగ్గర పనిచేసే ఒక కుర్రవాడు "మా నాన్న రోజూ సమాకలనం చేస్తున్నాడన్నమాట" అని నవ్వించిన రోజు నాకిప్పటికీ గుర్తుంది.

ఇక్కడ మీ వరద వార్తల గురించి కూడా ఒక మాట చెప్పాలి, విషయం ఒకటే కాబట్టి. క్యూసెక్కు అన్న మాటలోనే సెకను ఉంది, అది సెకనుకు ఒక ఘనపుటడుగు. అందువల్ల "సెకనుకు పది లక్షల క్యూసెక్కులు" అన్నప్పుడు సెకను రెండుసార్లు వచ్చినట్టు. "బ్యారేజీలో పది లక్షల క్యూసెక్కుల నీరు నిల్వ ఉంది" అన్న వాక్యం అసలు పొసగదు. నిల్వను కొలవడానికి టీఎంసీ, అంటే వంద కోట్ల ఘనపుటడుగులు, ఉంది. పది లక్షల క్యూసెక్కులు ఒక రోజంతా సాగితే 86.4 టీఎంసీలు సముద్రంలో కలుస్తాయి. గోదావరి మీద ధవళేశ్వరం బ్యారేజీ వద్ద మొదటి ప్రమాద హెచ్చరికకు లెక్క ఆ పది లక్షల క్యూసెక్కులే, నీటిమట్టం 11.75 అడుగులు. రెండోదానికి 13 లక్షలు, మూడోదానికి 17 లక్షలు. 1986 ఆగస్టులో అది 35 లక్షలు దాటింది. ఆనాడు ఏటిగట్ల మీద రాత్రంతా కాపలా కాసినవాళ్లకు ఆ అంకె అర్థం వివరించనక్కర్లేదు.

బ్యారేజీ దగ్గరే ఇంకొక సూత్రం కూడా దొరుకుతుంది. దానిలో పట్టే నీరు మూడు టీఎంసీలకు మించదు. పది లక్షల క్యూసెక్కుల వరద అంతటి నీటిని యాభై నిమిషాల్లో తెచ్చిపోస్తుంది. అందుకే వరద కాలంలో ఎగువ నుంచి ఎంత వస్తే దిగువకు అంతా వదలక తప్పదు. నాలుగు భాగాలుగా ఉన్న ఆ ఆనకట్ట 175 గేట్లూ ఎత్తడానికి కారణం ఇదే. ఏదైనా మూసిన హద్దును ఊహించుకొని, బయటికి వెళ్లేదాన్ని ధనంగానూ లోపలికి వచ్చేదాన్ని రుణంగానూ లెక్కకడితే, లోపల నిల్వ మారనప్పుడు మొత్తం అభివాహం సున్నా అవుతుంది. గోదావరి పాయ సముద్రంలో కలిసే అంతర్వేది దగ్గర పోటు సమయంలో నీరు ఎగువకు ఎక్కుతున్నప్పుడు గుర్తు మారుతుంది, పాటు సమయంలో తిరిగి మునుపటిలా అవుతుంది. అభివాహానికి గుర్తు ఉంటుందని, దిశను ముందే ఎంచుకోవాలని పిల్లలకు చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు దొరకలేదు.

ఇప్పుడు అమ్మాయి ప్రశ్న. అయస్కాంతం విషయంలో నీటి వేగం స్థానంలో అయస్కాంత క్షేత్రం వస్తుంది, చట్రం స్థానంలో తీగచుట్ట వస్తుంది, లెక్క మాత్రం అదే: తలానికి లంబంగా ఉన్న క్షేత్ర భాగాన్ని వైశాల్యంతో గుణించి కూడడం. కానీ తీగచుట్ట గుండా పదార్థం ఏదీ దాటిపోదు. నీటి లెక్క నుంచి తెచ్చుకున్న పేరు అక్కడ మిగిలిపోయింది, అంతే. దాని ప్రమాణమైన వెబర్‌లో, అంటే క్షేత్రానికి ప్రమాణమైన ఒక టెస్లాను ఒక చదరపు మీటరుతో గుణించగా వచ్చేదానిలో, "సెకనుకు" అన్న అర్థమే లేదు. సెకను వచ్చేది తరువాతి మెట్టులో. 1831లో ఫారడే కనిపెట్టినట్టు, అభివాహం మారితేనే తీగలో విద్యుత్తు పుడుతుంది, ఒక చుట్టు తీగలో సెకనుకు ఒక వెబర్ చొప్పున మారితే ఒక వోల్టు. మారకుండా ఎంత అభివాహం ఉన్నా ఏమీ పుట్టదు. మీ నిర్వచనం ఈ రెండు మెట్లనూ కలిపేసింది.

మన ప్రాంతానికి సంబంధించిన ఒక చిన్న విశేషం కూడా ఉంది. మనం భూమధ్యరేఖకు దగ్గరగా ఉన్నందువల్ల ఇక్కడ భూమి అయస్కాంత రేఖలు నేలతో కొద్దిపాటి కోణమే చేస్తూ దాదాపు ఉత్తర దిక్కుకు సాగుతాయి. అందువల్ల ఒక పళ్లేన్ని అరుగు మీద బోర్లా పెట్టినప్పటి కంటే ఉత్తరానికి ముఖం చేసి నిలబెట్టినప్పుడు దాని గుండా వెళ్లే అభివాహం ఎక్కువ. ధ్రువాల దగ్గర దీనికి సరిగ్గా వ్యతిరేకం. ఇంగ్లండులో రాసిన పుస్తకంలోని లెక్కను ఉన్నదున్నట్టు తెలుగు చేస్తే ఈ తేడా పోతుంది, నేను చాలాసార్లు చూశాను.

న్యాయంగా చెప్పాలంటే తప్పంతా మీ పత్రికది కాదు. ఈ మాటకు శాస్త్రంలోనే రెండు వాడుకలున్నాయి. భౌతికశాస్త్రజ్ఞుడు మాక్స్‌వెల్ 1873లో అచ్చయిన తన గ్రంథంలో ఫ్లక్స్ అన్న మాటను ఉపరితలం మీద సమాకలనం చేయవలసిన, దిశ కూడా ఉన్న సదిశ రాశికి, అంటే ఒక్కొక్క చదరపు మీటరుకు లెక్క వచ్చే రాశికి వాడాడు. నేటి విద్యుదయస్కాంత పాఠాలు అలా సమాకలనం చేశాక వచ్చే మొత్తానికి అదే మాట వాడుతున్నాయి, అది దిశ లేని అదిశ రాశి. ఉష్ణం గురించి చెప్పేవారు, ఖగోళ శాస్త్రజ్ఞులు ఇప్పటికీ ఎక్కువగా మొదటి పద్ధతినే పాటిస్తారు. సూర్యుని నుంచి వాతావరణం పైభాగానికి చేరేది చదరపు మీటరుకు సుమారు 1,361 వాట్లు అన్నప్పుడు దాన్నీ ఫ్లక్స్ అనే అంటారు. ఎల్ఈడీ బల్బు పెట్టె మీద అచ్చువేసే 900 లూమెన్లు మాత్రం బల్బు అన్ని వైపులకూ వెదజల్లే మొత్తం.

కళ్లంలో ధాన్యం ఎండబెట్టే రైతుకు ఈ తేడా చేతిలో ఉంటుంది. ఒకే ఎండ కింద పక్కపక్కనే ఉన్న ఇద్దరి కళ్లాల్లో చదరపు గజానికి పడే ఎండ ఒకటే, కానీ బరకం పెద్దగా పరిచినవాడికి దక్కే మొత్తం ఎండ ఎక్కువ. మొదటిది ఎండ తీరు, రెండోది పరిచిన మేర మీద కూడా ఆధారపడినది. ఈ రెండింటినీ ఒకే మాటతో పిలిచి, ఏది ఏదో చెప్పకపోతే విద్యార్థి ప్రమాణాల దగ్గర తప్పక పడిపోతాడు. మొత్తానికి అభివాహం అని, చదరపు మీటరుకు వచ్చేదానికి అభివాహ సాంద్రత అని రాస్తే తెలుగులో ఈ గందరగోళం ఇంగ్లిషులో కంటే తేలికగా తీరుతుంది. మన పాఠ్యపుస్తకాల్లో రెండు మాటలూ ఉన్నాయి, కొత్తగా పుట్టించనక్కర్లేదు.

ఇక ద్రవకారి. అదీ ఫ్లక్సే, కానీ అది రసాయనశాస్త్రం గదిలోది. కంసాలి అతుకు పెట్టేటప్పుడు చల్లే వెలిగారం ద్రవకారి, లోహం చక్కగా కరిగి పారడానికి తోడ్పడుతుంది. పేరు ఒకే లాటిన్ మాట నుంచి వచ్చినా, తీగచుట్టకూ వెలిగారానికీ సంబంధం లేదు. "అయస్కాంత ద్రవకారి" అని పరీక్షలో రాసిన విద్యార్థికి దిద్దేవారు మార్కులు వేయరు.

కాబట్టి మీ విద్యార్థుల పేజీలోనే, అదే చోట, ఈ సవరణ ప్రచురించవలసిందిగా కోరుతున్నాను: "అయస్కాంత అభివాహం అంటే ఒక ఉపరితలానికి లంబంగా ఉన్న అయస్కాంత క్షేత్ర అంశను ఆ ఉపరితలమంతటా వైశాల్యంతో గుణించి కూడగా వచ్చే అదిశ రాశి. దీని ప్రమాణం వెబర్." పక్కన తీగచుట్ట బొమ్మ వేస్తే దానికి లంబంగా ఒక బాణం గుర్తు తప్పకుండా పెట్టించండి, మొన్నటి బొమ్మలో అది లేదు. ఆ అమ్మాయి కాగితం నా దగ్గరే ఉంది. సవరణ వచ్చాక రెండూ కలిపి ఇస్తానని చెప్పాను.

ఇట్లు,
విశ్రాంత భౌతికశాస్త్ర అధ్యాపకుడు,
అమలాపురం