సగం శాండ్‌విచ్

ఒరేయ్ మామా,

ఎట్లున్నావు? ఇంట్లో అందరూ మంచిగున్నారా? ఫోన్‌లో అయితే సగం చెప్పి పెట్టేస్తానని ఉత్తరమే రాస్తున్నా.

నువ్వు చూడమన్న ఆ నెట్‌ఫ్లిక్స్ సిరీస్ ‘అడాలసెన్స్’ చూశా. నాలుగే ఎపిసోడ్లు, రెండు రాత్రుల్లో అయిపోయింది. ఒక్కోటి ఎక్కడా కట్ లేకుండా ఒకే షాట్‌లో తీశారంటే, అదేం గొప్ప అనుకున్నా. మూడోది చూస్తుంటే తెలిసింది. ఆ గదిలోంచి మనల్ని కూడా లేవనియ్యరు.

తోటి పిల్లను చంపిన కేసులో ఉన్న 13 ఏళ్ల పిల్లాడు, మాట్లాడించడానికి వచ్చిన సైకాలజిస్టు. ఆమె వాడికి హాట్ చాక్లెట్ తెస్తుంది, తన శాండ్‌విచ్‌లో సగం పెడుతుంది. మా మేనత్త ఇంటికొచ్చిన పిల్లలకు పెట్టినట్టే. వాడు నవ్వుతాడు, ఉన్నట్టుండి లేచి అరుస్తాడు, మళ్లీ పసివాడైపోతాడు. ఆమె ముఖంలో ఏదీ కనపడనియ్యదు. వాడు వెళ్లాక, వాడు కొరికి వదిలేసిన ముక్క తీయబోయి చెయ్యి వెనక్కి లాక్కుంటుంది చూడు, నా గుండె ఝల్లుమంది. మొదట్లో పోలీసులు తలుపు పగలగొట్టినప్పుడు కూడా అంత భయం కాలేదు.

మధ్యలో వాడు ఆవులిస్తే ‘బోర్ కొడుతున్నానా’ అంటుంది కదా, ఆ ఆవులింత స్క్రిప్టులో లేదట. ఆ పిల్లాడిగా చేసిన ఓవెన్ కూపర్‌కు నటించడం అదే మొదలు, 15 ఏళ్లకే టీవీ వాళ్లకిచ్చే ఎమ్మీ అవార్డు వచ్చింది. రావాల్సిందే.

చివరిదాంట్లో తండ్రి 50వ పుట్టినరోజు. టిఫిన్ ముచ్చట్లు నడుస్తుంటాయి, బయట వ్యాను మీద ఎవరో రంగుతో రాసిపోయిన తిట్టు.

మామా, మా ఇంట్లోనూ ఒక తలుపు ఉంది. అన్న కొడుకు, తొమ్మిదో తరగతి. నిన్న వదిన పళ్లెం తెచ్చి ‘బిడ్డా, రొట్టె చల్లారుతుంది’ అంటే, ‘ఆడ పెట్టు’ అన్నాడు లోపల్నుంచి. అన్న టీవీ సౌండ్ పెంచాడు. ఇంతకుముందైతే నేనూ విననట్టే ఉండేవాణ్ణి. నిన్న పళ్లెం నేనే తీసుకొని తలుపు కొట్టా. తీయడానికి చాలాసేపు పట్టింది. మంచం మీద కూర్చొని ఇద్దరం జొన్నరొట్టె తిన్నాం. నేనేం అడగలేదు. వాడే క్రికెట్ గురించి రెండు మాటలు మాట్లాడి, మిరపకాయ తొక్కు నా వైపు జరిపాడు.

ఇవాళ పానగల్లు చెరువు కట్ట మీదికి పోదామన్నా. ఫోన్‌లోంచి తల ఎత్తకుండానే సరే అన్నాడు. ఐదున్నర దాటింది. బండి తాళం పక్కన పెట్టుకొని ఇది రాస్తున్నా, వాడింకా గదిలోంచి రాలేదు.